గుర్రపు విన్యాసాల జట్టు కట్టాలంటే ముందు పరుగు కుదరాలి

చూసేవాళ్ళకి కనబడేది జీను మీద నిటారుగా నిలబడ్డ మనిషి, గుర్రం పక్కన తలకిందులుగా వేలాడే మనిషి, ఎదురెదురుగా దూసుకొచ్చి రెప్పపాటులో ఒకదాని సందుల్లోంచి ఒకటి వెళ్ళిపోయే రెండు వరసల గుర్రాలు. అందుకే కొత్తగా జట్టు కట్టేవాళ్ళు నేరుగా ట్రిక్కుల దగ్గరే మొదలుపెడతారు, వీడియో చూసి పట్టీలు కొని జీనుకి తగిలించేసి ఎవరో ఒకరు కాలు అందులో పెట్టేస్తారు. దయచేసి అలా చేయకండి. ట్రిక్ రైడింగ్‌కైనా, కవాతులా వరసగా చేసే డ్రిల్ రైడింగ్‌కైనా అడుగున కావలసింది ఒక్కటే. పైన మనిషి ఏం చేసినా, పక్క గుర్రం ఏం చేసినా తన వేగం మార్చకుండా, తన గీత వదలకుండా వెళ్ళే గుర్రం. ఆ పరుగు కుదిరితే మిగతాదంతా మనుషుల సాధన. కుదరకపోతే ఎంత మొనగాడైనా మట్టి కరవాల్సిందే.

ఇంకో మాట ముందే చెప్పేస్తాను. స్వారీ మొదటి నుంచి నేర్చుకోవాలనుకునేవాళ్ళకి ఇది పనికిరాదు. క్యాంటర్‌లో, అంటే ట్రాట్ కన్నా వేగమైన దూకుడు పరుగులో, పగ్గాలు వదిలేసి, రికాబుల్లోంచి పాదాలు తీసేసి, రెండు చేతులూ చాచి మైదానం చుట్టూ ఒక రౌండు తిరిగి రాగలిగినవాళ్ళని దృష్టిలో పెట్టుకుని రాస్తున్నాను. అంతవరకు రాకపోతే ముందు అక్కడిదాకా రండి, జట్టు ఎక్కడికీ పోదు.

ఎంతమంది కావాలి

డ్రిల్‌కి ఎనిమిది మందితో మొదలుపెట్టండి. ఎనిమిదే ఎందుకంటే నాలుగు జంటలవుతుంది, రెండు నాలుగుల వరసలవుతుంది, మళ్ళీ ఒకే వరసవుతుంది, ఎక్కడా ఒకరు మిగిలిపోరు. కెనడా పోలీసు దళం రాయల్ కెనేడియన్ మౌంటెడ్ పోలీసులు సంగీతానికి చేసే గుర్రపు డ్రిల్ ప్రదర్శన, మ్యూజికల్ రైడ్‌లో 32 మంది రౌతులుండటం వెనక కూడా ఈ సౌకర్యమే కనిపిస్తుంది, 32ని సగం చేసుకుంటూ పోతే 16, 8, 4, 2 అని చివరిదాకా తెగుతుంది. ఆరుగురితో చేస్తే నాలుగుల వరస రాదు, ఏడుగురైతే ఒకరు ప్రతి విన్యాసంలోనూ దిక్కులు చూస్తూ ఉంటారు. పన్నెండు మంది దొరికారని సంబరపడి అందర్నీ ఒకేసారి దించకండి. తొమ్మిదో మనిషి, తొమ్మిదో గుర్రం అదనంగా ఉంటే మాత్రం చాలా మేలు, ఎందుకంటే షో రోజు పొద్దున ఏదో ఒక గుర్రం కుంటడం మామూలే.

ట్రిక్కులకి ఇద్దరు చాలు. ఆ ఇద్దరూ డ్రిల్‌లో కూడా ఉండొచ్చు కానీ అదే గుర్రం రెండు పనులూ చేయడం కష్టం. డ్రిల్ గుర్రం రౌతు కాలి ఒత్తిడికి, పగ్గాల కదలికకి ఎప్పటికప్పుడు జవాబివ్వాలి. ట్రిక్ గుర్రం సరిగ్గా దానికి విరుద్ధం, పైన మనిషి గంతులేస్తున్నా పట్టించుకోకుండా పోవాలి. ఒకే గుర్రానికి పొద్దున "నా మాట విను" అని, సాయంత్రం "నా గోల పట్టించుకోకు" అని నేర్పితే దానికి పిచ్చెక్కుతుంది. కొన్ని గుర్రాలు జీను తేడాని బట్టి పని తేడా పోల్చుకుంటాయి, నిజమే, కానీ అలాంటి గుర్రం మీకు తగులుతుందని ముందే లెక్కవేసుకోకండి.

వీళ్ళు కాకుండా నేల మీద ఇద్దరు కావాలి. ఒకరు కాలర్, అంటే ఈల పట్టుకుని ఆదేశాలిచ్చే మనిషి. ఇతను గుర్రం ఎక్కకూడదు, కాస్త ఎత్తయిన చోటు నుంచి చూడాలి, ఎందుకంటే వరస వంకర వరసలో ఉన్నవాళ్ళకి కనబడదు. రెండోవాళ్ళు గేటు దగ్గర ఉండి తెరిచి మూసే మనిషి. చిన్న పనిలా కనబడుతుంది గానీ తెరిచి ఉన్న గేటు వైపు ప్రతి గుర్రమూ మొగ్గుతుంది, మీ వరసలు అటువైపే ఎందుకు వంగుతున్నాయో అర్థంకాక తలలు పట్టుకుంటారు.

గుర్రాల ఎంపిక

అందం చివర చూడండి. వయసు ఆరేళ్ళు దాటి ఉండాలి, లోకం కాస్త చూసి ఉండాలి. ఎత్తు ట్రిక్కులకి మధ్యస్థంగా ఉంటే మంచిది, మరీ ఎత్తయితే నేల మీద కాళ్ళు తాకించి మళ్ళీ పైకెక్కే వాల్ట్ లాంటివి చేయడం కష్టం. బరువు విషయంలో అందరూ పాటించే మోటు లెక్క ఏమిటంటే, మనిషి, జీను, సామాను మొత్తం కలిపి గుర్రం బరువులో ఐదో వంతు దాటకూడదు. 450 కిలోల గుర్రమైతే అంతా కలిపి 90 కిలోలు. ట్రిక్ జీను మామూలు జీను కన్నా బరువుంటుంది, పైగా ఆ బరువు ఒక పక్కకే పడుతుంటుంది కాబట్టి ఇక్కడ ఇంకా తగ్గించుకోవాలి.

స్వభావం తెలుసుకోవాలంటే గుర్రాన్ని వాకింగ్‌లో నడిపిస్తూ దాని పిర్ర మీద అరచేత్తో తట్టండి, తోక మొదలు దగ్గర చెయ్యి ఆనించండి, జీనుకి ఒక పక్క మొత్తం బరువేసి వంగండి. ఉలిక్కిపడి రెండడుగుల్లో సర్దుకునే గుర్రంతో పని చేయొచ్చు. ఉలిక్కిపడి ఆ సంగతే మనసులో పెట్టుకుని తర్వాత పది నిమిషాలూ చెవులు వెనక్కి పెట్టి తిరిగేదాన్ని వదిలేయండి. అసలు ఏమాత్రం స్పందించని మొద్దు గుర్రాన్ని చూసి మురిసిపోకండి, అది క్యాంటర్ అందుకోవడానికే సగం మైదానం తినేస్తుంది.

తన్నే గుర్రం డ్రిల్‌లో వద్దు. నేర్చుకునే రోజుల్లో తప్పక ఉంచాల్సి వస్తే తోకకి ఎర్ర రిబ్బను కట్టండి, గుర్రాల లోకంలో ఎక్కడికెళ్ళినా దాని అర్థం "దూరంగా ఉండు" అనే. వరసలో ఎవరి పక్కన ఎవరిని పెట్టాలో రౌతుల స్నేహాలని బట్టి తేల్చకండి. శాలలో పక్కపక్కన కట్టినప్పుడు ఏ గుర్రం ఏ గుర్రాన్ని కొరకబోతోందో రెండు పూటలు గమనిస్తే చాలు, వరస దానంతటదే తయారవుతుంది.

నేల

డ్రిల్‌కి సుమారు 30 మీటర్ల వెడల్పు, 60 మీటర్ల పొడవు ఉంటే హాయిగా ఉంటుంది. ఎనిమిది గుర్రాలకి ఇంకాస్త చిన్నదైనా సర్దుకోవచ్చు, ట్రిక్ పరుగుకి మాత్రం పొడవు తగ్గకూడదు. గట్టి నేల మీద పలచగా ఇసుక ఉండాలి. ఇసుక మరీ లోతైతే కాళ్ళ నరాలు పట్టేస్తాయి, మరీ పలచనైతే మలుపులో డెక్క జారుతుంది. సాధనకి ముందు అంతా ఒకసారి నడిచి రాళ్ళు ఏరండి, ఇది ఎవరో ఒకరి డ్యూటీగా రాసి పెట్టండి, లేకపోతే ఎవరూ చేయరు.

డ్రిల్: ముందు మీ కాళ్ళ మీద

మొదటి సాధనలకి గుర్రాలు అక్కర్లేదు. కాగితం మీద మైదానం గీసి, ప్రతి రౌతుకీ ఒక నంబరిచ్చి, మూలలకీ అంచుల మధ్య బిందువులకీ అక్షరాలు పెట్టుకుని మొత్తం విన్యాసం గీయండి. తర్వాత అదే మైదానంలో ఎనిమిది మందీ కాలినడకన చేయండి. ఎవరైనా చూస్తే నవ్వుతారు, నవ్వనివ్వండి. కాలినడకన దారి తప్పే మనిషి గుర్రం మీద తప్పకుండా తప్పుతాడు, అప్పుడు అతనితో పాటు అరటన్ను బరువు కూడా తప్పు దారిలో పోతుంది.

గుర్రాలెక్కాక అంతా వాకింగ్‌లోనే. వెనక గుర్రానికీ ముందు గుర్రానికీ మధ్య ఒక గుర్రం పొడవు ఖాళీ ఉండాలి. పక్కపక్కన ఉన్నప్పుడు మోకాలికి మోకాలు దాదాపు తగిలేంత దగ్గర. కొత్తవాళ్ళకి ఇది భయంగా ఉంటుంది, అందుకని ఇంకాస్త ఎడం ఉంచుకుంటారు, విచిత్రం ఏమిటంటే ఆ ఎడమే ప్రమాదం. మధ్యలో జాగా కనబడగానే గుర్రం అడ్డం తిరగాలని చూస్తుంది, లేదా కాలు విసరడానికి చోటు దొరుకుతుంది.

వరసని నిలబెట్టేది చూపు. అందరూ తమ గుర్రం చెవుల మధ్యలోంచి ముందుకి చూస్తూ ఓరకంటితో గైడ్‌ని, అంటే వరస చివర ఉండే ఆ ఒక్క రౌతునీ చూడాలి. గైడ్ ఎవరినీ చూడడు, మైదానం అవతల ఒక గుంజని చూసి నేరుగా పోతాడు. ఎవరి పక్కవాడిని వాళ్ళు చూసుకుంటే ఒకడి తప్పు అలలా వరసంతా పాకుతుంది. ఇక వేగం సంగతి. ట్రాట్ అంటే నడకకీ క్యాంటర్‌కీ మధ్య వేగం. జట్టులో అన్నిటికన్నా నెమ్మదైన గుర్రం ఎంత సుఖంగా ట్రాట్ చేయగలదో అదే అందరి ట్రాట్. చురుకైన గుర్రాల యజమానులకి ఇది నచ్చదు, గొణుగుతారు, గొణగనివ్వండి. నెమ్మదైన దాన్ని పరిగెత్తించి కలపాలని చూస్తే అది మధ్యలో క్యాంటర్‌లోకి పడుతుంది, వేగమైన దాన్ని ఆపడం అంతకన్నా తేలిక.

ఈల విషయంలో ఒకటే పద్ధతి పెట్టుకోండి: పొడుగు ఈల అంటే సిద్ధం కండి, పొట్టి ఈల అంటే ఇప్పుడే. మధ్యలో మూడు నాలుగు అడుగుల వ్యవధి ఇవ్వాలి, ఎందుకంటే రౌతు గుర్రానికి "ఏదో రాబోతోంది" అని చెప్పడానికి ఆ కాస్త సమయం పడుతుంది. ఎదురెదురుగా వచ్చినప్పుడు ఎప్పుడూ ఎడమ భుజం పక్కగా ఎడమ భుజం దాటాలి. ఇది సాధనలో, వార్మప్‌లో, అన్నిచోట్లా పాటిస్తే ఆపదలో కూడా చెయ్యి అటే పోతుంది.

మొదటి విన్యాసాలుగా జంటలు విడిపోయి మళ్ళీ కలవడం, నాలుగుల వరస, మూల నుంచి మూలకి ఐమూలగా దాటడం సరిపోతాయి. ఐమూల దాటడాన్నే సూదిలో దారం అంటారు, రెండు మూలల నుంచి వచ్చే వరసలు నడిమధ్యలో ఒకటి విడిచి ఒకటి దాటుతాయి. ఇందులో కిటుకు ఏమిటంటే, ఎదుటి గుర్రం ముక్కుని చూసి గురిపెడితే ఢీకొంటారు. దాని తోక వెనక ఉన్న ఖాళీకి గురిపెట్టాలి, మీరు అక్కడికి చేరేసరికి ఆ గుర్రం వెళ్ళిపోయి ఉంటుంది. వాకింగ్‌లో వరసగా రెండు మూడు సాధనల్లో తప్పు లేకుండా వచ్చాకే ట్రాట్, ట్రాట్‌లో కుదిరాకే క్యాంటర్. గుర్రానికి చుట్టూ దాదాపు 350 డిగ్రీలు కనబడుతుంది, కానీ సరిగ్గా నుదుటి ముందు, సరిగ్గా తోక వెనక కనబడదు. అంటే పక్క నుంచి దూసుకొచ్చేదాన్ని అది మీకన్నా ముందే చూస్తుంది, కంగారు కూడా మీకన్నా ముందే పడుతుంది. నెమ్మదిగా మొదలుపెట్టమనేది అందుకే.

జనం ఎక్కువగా చప్పట్లు కొట్టేది పిన్‌వీల్‌కి. మధ్యలో ఇద్దరు ఒకరికొకరు ఎదురు దిశల్లో పక్కపక్కన నిలబడితే, వాళ్ళకి అటు ముగ్గురు, ఇటు ముగ్గురు వరస కట్టి మొత్తం ఒక గీతలా గుండ్రంగా తిరుగుతారు. చూడటానికి తేలిక, చేయడానికి నరకం. లెక్క వేసి చూడండి: ఒక్కో గుర్రానికి ఒక మీటరు వెడల్పు అనుకుంటే, మధ్య రౌతు కేంద్రానికి సుమారు అర మీటరు దూరంలో ఉంటాడు, చివరి రౌతు మూడున్నర మీటర్ల దూరంలో. ఒక చుట్టు పూర్తయ్యేసరికి లోపలివాడు తిరిగేది 3 మీటర్లు, బయటివాడు తిరిగేది 22 మీటర్లు. అంటే ఏడు రెట్లు. లోపలి గుర్రం ఉన్నచోటే అడుగులు మారుస్తుంటే బయటి గుర్రం ట్రాట్ చేయాలి. అందుకని లోపల ఓపికస్తురాలైన గుర్రాన్ని, బయట పొడుగు అంగల గుర్రాన్ని పెట్టండి, అందరూ లోపలి వైపు చూడండి, వేగాన్ని బయటివాడు నిర్ణయించేటట్టు చేయండి. లోపలివాడు తొందరపడితే బయటివాడు జన్మలో అందుకోలేడు.

మ్యూజికల్ రైడ్‌లో "డోమ్" అనే విన్యాసం ఉంది, గుండ్రంగా లోపలి వైపు తిరిగి నిలబడి బల్లేలు ఎత్తి పట్టడం, దాని బొమ్మ 1975 నాటి కెనడా 50 డాలర్ల నోటు వెనక వేశారు. అందులో పరుగూ లేదు, ప్రమాదమూ లేదు, గుర్రాలు కదలకుండా నిలబడటమే. మీ షోలో కూడా అలాంటి నిలుపు ఒకటైనా పెట్టుకోండి, గుర్రాలకి ఊపిరి తీసుకునే వ్యవధి, జనానికి ఫోటో.

సంగీతం

పాట నచ్చిందని పెట్టేసి గుర్రాల్ని దానికి తగ్గట్టు నడపాలని చూడకండి. గుర్రాన్ని ట్రాట్ చేయించి నిమిషానికి ఎన్ని అడుగుల దెబ్బలు పడుతున్నాయో లెక్కపెట్టండి, ఫోన్లో మెట్రోనోమ్ యాప్ చాలు. వాకింగ్ నాలుగు దెబ్బల నడక, ట్రాట్ రెండు దెబ్బలది, క్యాంటర్ మూడు దెబ్బలది. ట్రాట్ సాధారణంగా 140 నుంచి 160 మధ్య పడుతుంది, మీ గుర్రాలకి వచ్చిన అంకెకి దగ్గరి పాట వెతుక్కోండి. మలుపులు మాత్రం పాటని బట్టి కాదు, ఈలని బట్టే.

ట్రిక్కులు: ముందు గుర్రానికి, తర్వాత మీకు

ఈ విద్యలో చాలాభాగం కాకసస్ కొండల ప్రాంతపు రౌతుల జిగితోవ్కా నుంచి వచ్చింది. 1890లలో అక్కడి జార్జియా (అమెరికా రాష్ట్రం కాదు) నుంచి వెళ్ళిన రౌతులు, అమెరికాలో వైల్డ్ వెస్ట్ షోలు నడిపిన బఫెలో బిల్ ప్రదర్శనల్లో కొసాక్కులనే (రష్యా గుర్రపు యోధులనే) పేరుతో వీటిని చేసి చూపించాక అమెరికా రోడియోల్లో, అంటే కౌబాయ్‌ల పోటీ ప్రదర్శనల్లో కూడా పాకింది, ఇప్పటికీ గుర్రం పక్కన తలకిందులుగా వేలాడే ట్రిక్కుని కొసాక్ డ్రాగ్ అనే అంటారు.

పరుగు నేర్పడం ఇలా. మైదానం పొడవునా కంచె పక్కగా ఒక దారి ఎంచుకోండి, మొదలు ఎక్కడ, ఆగేది ఎక్కడ అనేవి ఎప్పుడూ మార్చకండి. ఎడమ చేతి వైపు తిరిగే దారి పెట్టుకోండి, ఎందుకంటే చాలా ట్రిక్కులు ఎడమ పక్కే చేస్తారు, అప్పుడు మనిషి లోపలి వైపు ఉంటాడు, కంచెకి రాసుకోడు. ముందు వాకింగ్‌లో ఆ దారి పొడవునా తీసుకెళ్ళి చివర ఆపి మెచ్చుకోండి. తర్వాత ట్రాట్, తర్వాత క్యాంటర్. పగ్గాలు మెడ మీద ముడేసి, వేలాడకుండా, అలాగని తల లాగకుండా పెట్టండి. మాటతో ఆగడం విడిగా నేర్పండి. మీరు "హో" అంటే ఎక్కడున్నా, ఏ వేగంలో ఉన్నా ఆగాలి. ఇది రాని గుర్రం మీద ఒక్క పట్టీలో కూడా పాదం పెట్టొద్దు. పరుగు వచ్చిందని తెలిసేదెలాగంటే, మీరు జీను మీద కూర్చుని ఏమీ చేయకుండా ఉన్నప్పుడు, పక్కకి వాలి చప్పట్లు కొడుతున్నప్పుడు, రెండుసార్లూ చివరిదాకా చేరడానికి పట్టే సమయం ఒకటే అయితే వచ్చినట్టు. స్టాప్‌వాచ్ పెట్టి చూడండి, కంటిని నమ్మకండి.

జీను మామూలుది పనికిరాదు. ట్రిక్ జీనుకి ముందు పొడవాటి సన్నటి కొమ్ము, వెనక పట్టుకోవడానికి పిడులు, నిలబడటానికి ముందు వైపు హిప్పోడ్రోమ్ పట్టీలు, వేలాడటానికి వెనక డ్రాగ్ పట్టీలు ఉంటాయి. బరువంతా ఒక పక్కకి పడినా జీను తిరిగిపోకుండా ఛాతీ పట్టీ, ముందొక కడుపు పట్టీ, వెనకొక కడుపు పట్టీ వేస్తారు. ఇవి మామూలు కన్నా చాలా బిగుతుగా ఉంటాయి కాబట్టి ఒక పరుగుకీ ఇంకో పరుగుకీ మధ్య వదులు చేయడం మర్చిపోవద్దు. ప్రతిసారీ ఎక్కేముందు ప్రతి పట్టీ కుట్టునీ బొటనవేలితో నొక్కుతూ పోండి. తోలు వంగే చోట, బకిల్ కింద, చెమట పట్టే చోటే ముందు పగులుతుంది, పైనుంచి చూస్తే నున్నగానే కనబడుతుంది, వెనక్కి మడిచి చూస్తేనే సన్నటి గీతలు బయటపడతాయి. గీత కనబడితే ఆ పట్టీ ఆ రోజుకి పక్కన పెట్టడం కాదు, పారేయడమే.

మనుషుల సాధన చెక్క పీపా మీద. కాళ్ళు బిగించిన పీపాకి ఆ జీనే కట్టి, కింద మెత్తటి పరుపులు వేసి, ప్రతి ట్రిక్కునీ ఎక్కడం, నిలవడం, వెనక్కి రావడం మూడు ముక్కలుగా చేయండి. మూడోది, అంటే వెనక్కి రావడమే అసలైనది. వేలాడటం భూమ్యాకర్షణ చేసిపెడుతుంది, మళ్ళీ జీను మీదకి రావడం మీ పొట్ట కండరాలు చేయాలి. పీపా మీద అలుపొచ్చాక కూడా తేలిగ్గా తిరిగి రాగలిగితేనే గుర్రం మీద ప్రయత్నించండి.

మొదటి ట్రిక్కు హిప్పోడ్రోమ్ స్టాండ్. కొమ్ము మొదట్లో ఉన్న పట్టీల్లో పాదాలు దూర్చి, నిలబడి, శరీరం కాస్త ముందుకి వాల్చి, చేతులు పైకెత్తడం. పట్టీ అరికాలి వంపు మీద గట్టిగా కూర్చోవాలి, మోకాళ్ళు బిర్రబిగుసుకోకూడదు. కిందికి చూస్తే నడుము వెనక్కి పోతుంది, గుర్రం చెవుల మీదుగా దూరంగా చూడండి.

వాల్ట్ దగ్గర అందరూ పొరబడే సంగతి ఒకటుంది. కొమ్ము రెండు చేతులా పట్టుకుని, కుడికాలు ఇవతలికి తెచ్చి, రెండు పాదాలూ నేలకి తాకించి, ఆ తాకిడితో మళ్ళీ జీనులోకి లేవడం. నెమ్మదిగా వెళ్తుంటే తేలికనుకుంటారు గానీ వాకింగ్‌లో ఇది కండబలంతో చేయాలి, క్యాంటర్‌లో గుర్రం ఊపే మిమ్మల్ని పైకి విసురుతుంది. పాదాలు మీ నడుము కింద కాకుండా దానికన్నా ముందు, గుర్రం భుజం పక్కన పడాలి, రెండూ కలిసి పడాలి, మొహం గుర్రం వెళ్ళే వైపే ఉండాలి. వెనక పడ్డాయంటే లేవలేరు, ఈడ్చుకుపోతారు. అలా పడితే కొమ్ము వదిలేయండి, దొర్లి లేవొచ్చు.

డ్రాగ్ ట్రిక్కులు ఏడాది తర్వాత ఆలోచించండి, అదీ నేర్చిన గురువు పక్కన ఉంటేనే, రాసినది చదివి చేసే పని కాదు. దాంట్లో పడిపోవడం కన్నా పడలేకపోవడమే ప్రమాదం, అంటే పాదం పట్టీలో ఇరుక్కుని గుర్రం ఆగకపోవడం. అందుకే ఆ సాధనలో రెండో గుర్రం మీద ఒక పికప్ రైడర్ పక్కనే సిద్ధంగా ఉండాలి, ట్రిక్ గుర్రం కళ్ళెం అందుకుని ఆపడమే అతని పని, ఇంకేమీ కాదు. అతని గుర్రం మీ గుర్రం కన్నా వేగంగా ఉండాలని వేరే చెప్పనక్కర్లేదు. ఒంటరిగా ట్రిక్కులు సాధన చేయొద్దు, ఎంత తేలికైనవైనా సరే.

బూట్లు మెత్తటి రబ్బరు అడుగువి, లేసులు లోపలికి దోపినవి. మడమ ఎత్తున్న స్వారీ బూట్లు పట్టీలో చిక్కుకుంటాయి. ఉంగరాలు, గొలుసులు, వేలాడే అంచులు ఏవీ వద్దు. షోలో చాలామంది ట్రిక్ రైడర్లు హెల్మెట్ పెట్టుకోరు, అది వాళ్ళ ఇష్టమంటారు. నా మటుకు నేను సాధనలో హెల్మెట్ లేని మనిషిని గేటు లోపలికి రానివ్వను.

పరుగు ట్రిక్కులకి మైదానం చాలకపోతే వాల్టింగ్ మంచి దారి. గుర్రం పొడవాటి తాడు మీద గుండ్రంగా క్యాంటర్ చేస్తుంది, మధ్యలో ఒకరు తాడు పట్టుకుని వేగం చూసుకుంటారు, పైన మనిషికి వేగంతో పని లేదు, వీపుకి మెత్తటి ప్యాడ్, రెండు పిడులున్న నడికట్టు. ఇందులో అంతర్జాతీయ పోటీలు కూడా ఉన్నాయి, జట్టుకి ఆరుగురు, ఒకేసారి గుర్రం మీద ముగ్గురికి మించి ఉండకూడదు, వలయం వ్యాసం కనీసం 15 మీటర్లు. సర్కస్ రింగు దీనికన్నా చిన్నది, 42 అడుగులు, లండన్‌లో ఆధునిక సర్కస్‌కి ఆద్యుడైన ఫిలిప్ ఆస్ట్లీ కాలం నుంచి వస్తున్న కొలత. గుండ్రంగా తిరుగుతుంటే బయటికి నెట్టే ఊపుకి మనిషి లోపలికి వాలి నిలబడగలడు, అందుకే గుర్రం వీపు మీద నిలబడటం సూటి దారిలో కన్నా వలయంలో తేలిక.

జెండాలు, జనం

జెండా గుర్రానికి ఒక కంటి వైపు అలవాటైతే రెండో కంటి వైపు అలవాటైనట్టు కాదు. రెండు పక్కలా విడివిడిగా చూపించండి, తర్వాత తల మీదుగా ఒక పక్క నుంచి ఇంకో పక్కకి మార్చండి, చాలా గుర్రాలు బెదిరేది సరిగ్గా ఆ క్షణంలోనే. కర్ర మొన రికాబుకి తగిలించిన తోలు గిన్నెలో ఆనాలి, చేత్తో మోస్తే ఐదు నిమిషాలకి భుజం పడిపోతుంది. చప్పట్లు, మైకు గీరు శబ్దం, పిల్లల అరుపులు ముందు రికార్డు చేసి దాణా వేళ చిన్నగా వినిపించి రోజురోజుకీ పెంచండి.

షో రోజు

నాడాలు ఆరు నుంచి ఎనిమిది వారాలకోసారి మార్చాలి కదా, ఆ లెక్క షోకి ముందు రోజు పడకుండా చూసుకోండి, వారం ముందే అయిపోతే మేలు. పిలిచినవాళ్ళని ఫోన్లో అడగాల్సినవి నాలుగు: నేల ఏమిటి, చుట్టూ కంచె ఉందా, నీళ్ళు ఎక్కడ, టపాసులు కాల్చే ఆలోచన ఉందా. చివరిదానికి "చూద్దాం" అంటే ఒప్పుకోకండి. గుర్రం గుడ్డిదైనా దాణా తప్పదని సామెత, షోలు లేని నెలల్లో కూడా ఆ ఖర్చు ఆగదు కాబట్టి డబ్బు మాట్లాడేటప్పుడు మొహమాటపడకండి.

మైదానంలోకి వెళ్ళే ముందు పావుగంట వాకింగ్, కాస్త ట్రాట్, రెండు వైపులా వలయాలు. ప్రదర్శన డ్రిల్‌తో మొదలుపెట్టి, మధ్యలో ట్రిక్కులు పెట్టి, మళ్ళీ డ్రిల్‌తో ముగించండి. దీనివల్ల డ్రిల్ గుర్రాలకి విశ్రాంతి దొరుకుతుంది, ట్రిక్ జీనులు ముందే బిగించుకోవచ్చు. మొత్తం ఇరవై నిమిషాలు దాటనివ్వకండి. ఎవరైనా పొరబడితే ఆగొద్దు, కంచె పక్కకి వెళ్ళి తర్వాతి విన్యాసంలో కలవాలి, దీనికి కూడా సాధన చేయించండి. గుర్రం కుంటుతోందని కాలర్‌కి అనుమానమొస్తే వరసగా మూడు పొట్టి ఈలలు, అందరూ వాకింగ్‌లోకి వచ్చేయాలి, వాదన తర్వాత.

అయ్యాక జనంతో ఫోటోలు దిగే ముందు పట్టీలు వదులు చేసి, గుర్రాల్ని నడిపించి చల్లార్చండి. విశ్రాంతిలో గుర్రం గుండె నిమిషానికి 28 నుంచి 44 సార్లు కొట్టుకుంటుంది. దవడ ఎముక లోపలి అంచు మీద రెండు వేళ్ళు ఆనిస్తే సన్నటి తాడులా నాడి తగులుతుంది, పదిహేను సెకన్లు లెక్కపెట్టి నాలుగుతో గుణించండి. ఇరవై నిమిషాల తర్వాత కూడా 64 కన్నా కిందికి రాకపోతే పశువైద్యుణ్ణి పిలవండి. మర్నాడు పొద్దున ప్రతి గుర్రాన్నీ గట్టి నేల మీద తాడు వదులుగా పట్టుకుని ట్రాట్ చేయించి చూడండి. ముందు కాలు నొప్పిగా ఉంటే ఆ కాలు నేలకి ఆనినప్పుడల్లా తల పైకెత్తుతుంది. తల ఎగరేసిన గుర్రానికి ఆ వారం సాధన లేదు, దాని బదులు తొమ్మిదోది వస్తుంది.